హడ్సన్ నది కింద రైలు నడిపించిన అలెగ్జాండర్ కసాట్

న్యూజెర్సీలోని ఎడిసన్ ఊరి నుంచి న్యూయార్క్ వెళ్లే రైలు హడ్సన్ నది కింద నుంచి పోతుంది కదా, ఆ సొరంగాలు ప్రభుత్వం కట్టించినవేనా అని ఒకరు అడిగారు. కాదు. పెన్సిల్వేనియా రైల్‌రోడ్ అనే ప్రైవేటు కంపెనీ తన ఖర్చుతో తవ్వించింది. 1899 నుంచి 1906 వరకు దాని అధ్యక్షుడిగా ఉన్న అలెగ్జాండర్ కసాట్ పూనుకోబట్టే ఆ పని జరిగింది. అదే దారిలో ఏళ్ల తరబడి ఉద్యోగానికి వెళ్తున్నాను. చదివింది సివిల్ ఇంజినీరింగ్ కావడంతో, ఆయన గురించి దొరికినదల్లా చదివాను.

కసాట్ 1839లో పిట్స్‌బర్గ్‌లో పుట్టారు. ఇంజినీరింగ్ చదివి, 1861లో ఆ కంపెనీ సర్వే బృందంలో చిన్న ఉద్యోగిగా చేరి ఉపాధ్యక్షుడి దాకా ఎదిగారు. 1882లో రాజీనామా చేసి పందెపు గుర్రాలు పెంచుకున్నారు. పదిహేడేళ్ల తర్వాత కంపెనీ ఆయన్ను అధ్యక్షుడిగా పిలిచింది.

అప్పట్లో ఆ కంపెనీ రైళ్లు నదికి న్యూజెర్సీ వైపున్న జెర్సీ సిటీలోనే ఆగిపోయేవి. ప్రయాణికులు అక్కడ దిగి, సామాను మోసుకుని, పడవెక్కి న్యూయార్క్ నగరంలోని మన్‌హటన్ చేరేవారు. పోటీ కంపెనీ రైళ్లు మాత్రం నేరుగా నగరంలోకే వెళ్లేవి. వంతెన కడదామంటే ఖర్చు పంచుకోవడానికి మిగతా కంపెనీలు ముందుకు రాలేదు. అంత పొడవైన సొరంగంలో ఆవిరి ఇంజన్లు నడిపితే పొగకు ఊపిరాడదు. 1901లో కసాట్ పారిస్ వెళ్లారు. ఆయన చెల్లెలు, ప్రసిద్ధ చిత్రకారిణి మేరీ కసాట్ ఫ్రాన్స్‌లోనే ఉండేవారు. పారిస్‌లోని ఓర్సే స్టేషన్‌కు కరెంటు ఇంజన్లతో రైళ్లు భూగర్భంలో రావడం కసాట్ చూశారు. అదే ఏడాది చివర్లో సొరంగాల నిర్ణయం ప్రకటించారు.

హడ్సన్ అడుగున గట్టి రాయి ఉండదు, మెత్తటి ఒండ్రు ఉంటుంది. నీళ్లు లోపలికి రాకుండా గాలిని ఒత్తిడితో నింపి, రెండు ఒడ్డుల నుంచీ తవ్వుతూ ఇనుప వలయాలు బిగించుకుంటూ పోయారు. ఆ ఒత్తిడి నుంచి బయటికి వచ్చినప్పుడు జబ్బుపడి చనిపోయిన కూలీలూ ఉన్నారు. కసాట్‌ను పొగిడేటప్పుడు వాళ్లనూ తలచుకోవాలి. ఆటుపోట్లకు సొరంగం కాస్త కదులుతోందని తెలిసి ఇంజినీర్లు కలవరపడ్డారు. మొత్తం పథకానికి 10 కోట్ల డాలర్లకు పైగా ఖర్చయింది. అంత సొమ్మును బురదలో పెట్టే ధైర్యం, క్షేత్రంలో పనిచేసిన ఇంజినీరు కాబట్టే ఆయనకు వచ్చిందని నా నమ్మకం.

ఉక్కు, చమురు దిగ్గజాలు రైలు రవాణా ఛార్జీల్లో రహస్యంగా గుంజుకునే రాయితీలకు అడ్డుకట్ట వేసిందీ ఆయనే. వాటిని నిషేధించిన 1903 నాటి చట్టాన్ని, రైల్వే యజమాని అయ్యుండీ సమర్థించారు.

హడ్సన్ సొరంగాల రెండు కొసలూ 1906లో కలిశాయి. ఆ డిసెంబరులోనే కసాట్ కన్నుమూశారు. ఈ సొరంగాల రైళ్ల కోసం మన్‌హటన్‌లో కట్టిన పెన్ స్టేషన్ 1910లో తెరుచుకుంది. ఆ అందమైన పాత భవనాన్ని 1963 నుంచి కూల్చేశారు, తలచుకుంటే ఇప్పటికీ కడుపు మండుతుంది.

2012లో శాండీ తుఫానుకు ఉప్పునీరు చేరి సొరంగాల్లోని కాంక్రీటు, కరెంటు తీగలు దెబ్బతిన్నాయి. పక్కనే మరో జత సొరంగాలకు పనులు మొదలయ్యాయి. అవి పూర్తయ్యేదాకా న్యూజెర్సీ నుంచి పెన్ స్టేషన్‌కు వెళ్లే ప్రతి రైలుకూ కసాట్ తవ్వించిన ఆ రెండు సొరంగాలే దిక్కు.