మన్రో మీద నవల రాస్తున్న నీకు

చిరంజీవికి ఆశీస్సులు.

నీ రాతప్రతి మొత్తం చదివాను. వచనంలో మంచి పరుగు ఉంది. కానీ ఈస్టిండియా కంపెనీ కలెక్టరు థామస్ మన్రోని మొదటి పేజీ నుంచే మహాపురుషుణ్ణి చేసేశావు. మంత్రాలయంలో రాఘవేంద్రస్వామి ఆయనతో మాట్లాడాడనీ, కడప జిల్లా గండి క్షేత్రంలో బంగారు తోరణం కనిపించిందనీ చెప్పుకునే కథలు సీమలో అందరూ విన్నవే. తీసెయ్యమనను. జనం నోట చెప్పించు, నీ మాటగా చెప్పకు.

నాకు వెలితిగా తోచింది భూముల సర్వే. 1780లో పదాతిదళం కేడెట్‌గా మద్రాసులో దిగి, హైదర్ అలీతో యుద్ధం చేసి, తమిళ సీమలోని బారామహల్‌లో రెవెన్యూ పని నేర్చిన మనిషి ఆయన. 1800లో నిజాం దత్తమండలాలు, అంటే మన సీమ ప్రాంతం, కంపెనీకి రాసిచ్చాక ఇక్కడికి కలెక్టరుగా వచ్చి, గుడారాల్లో ఉంటూ ఊరూరా పొలాలు కొలిపించాడు. ఆ గట్టు మీద నిలబడి చూడు. గొలుసు లాగుతున్నారు, కరణం రాసుకుంటున్నాడు. తన నేల ఏ తరగతిలో పడుతుందోనని రైతు టెన్షన్‌తో చూస్తున్నాడు. ఎందుకంటే తరగతిని బట్టే శిస్తు, అదీ పండినదాంట్లో సుమారు 45 శాతం! పాలెగాళ్లను అణచి రైతుకు నేరుగా పట్టా ఇచ్చిన మన్రోనే ఆ శిస్తూ వసూలు చేశాడు. అది భారమని ఆయనకు తెలుసు. నాలుగో వంతు తగ్గించమని 1807లో తనే రాశాడు. పైవాళ్లు వినలేదు, ఊళ్లకు ఊళ్లు గుత్తకిచ్చారు. 1820లో ఆయన గవర్నరయ్యాకే ఆ తగ్గింపు వచ్చింది.

ఈ పదమూడేళ్లను నువ్వు ఒక్క పేరాలో దాటేశావు. అసలు నవల అక్కడే ఉందయ్యా! కొడుక్కి మన్రోలప్ప అని పేరు పెట్టుకున్న తండ్రిని ఒకణ్ణి అందులోకి తీసుకురా. పాలెగాడి మనుషులు మళ్లీ గడప తొక్కలేదనో, పట్టా తన పేరునే ఉందనో, అతనికో కారణం ఇవ్వు. శిస్తు కట్టలేక ఊరు వదిలిన వాడి పక్కింట్లో అతన్ని ఉంచు. మన్రో ఇంటికి రాసిన ఉత్తరాలు అచ్చులో ఉన్నాయి, అవీ చదువు. ఆయన గొంతు నువ్వు కల్పించక్కర్లేదు.

పత్తికొండ అధ్యాయంలో చివరి ప్రసంగం కొట్టెయ్యి. వీడ్కోలు పర్యటనలో ఉండగా 1827 జులై 6న కలరా సోకి, ఆ రోజే పోయాడు. గుత్తిలో పాతిపెట్టారు. కలరా పట్టిన మనిషి రెండు పేజీలు మాట్లాడడు.

సర్వే అధ్యాయం ముందు రాసి పంపు. మిగతావి తర్వాత చూద్దాం.

ఆశీస్సులతో