మీట నొక్కితే సరిపోదు

అమ్మాయీ,

నీ కథలో ఇల్లు విడిచిపోయిన అన్న రాసిన ఉత్తరం బాగుంది. ‘ఈ ఉత్తరంలో ఉన్నదంతా అబద్ధం’ అన్న చోట నా గొంతు పట్టేసింది. మరుసటి పేజీకి వచ్చేసరికి కోపం వచ్చింది. శాస్త్రజ్ఞులు ఆ ఉత్తరాన్ని యంత్రంలో పెట్టి మీట నొక్కారు, ‘వైరుధ్యం స్థిరపడింది’ అని రాసి ముగించావు. ఏం పోగొట్టుకుని స్థిరపడింది?

నిజమనుకుంటే అబద్ధమైపోయే ఈ చిక్కుముడి మీద చెయ్యి వేసిన పెద్దలందరూ ఏదో ఒకటి వదులుకున్నారు. ‘నేను చెప్పేదంతా అబద్ధం’ అనేవాడు ఆ వాక్యాన్ని మాత్రం అందులో కలపడని భర్తృహరి తన వ్యాకరణ గ్రంథం వాక్యపదీయంలో తేల్చాడు. ‘అంతా’ అన్న మాటకు కోత పడింది. ఒక భాషలోని సత్యాసత్యాలను ఆ భాషలోనే చెప్పకూడదని, పైమెట్టు భాష కావాలని తర్కవేత్త టార్‌స్కీ అన్నాడు. ఇలాంటి వైరుధ్యాన్నే చూపిస్తూ 1902లో రసెల్ రాసిన ఒక్క ఉత్తరంతో, అచ్చులో ఉన్న తన గ్రంథం రెండో సంపుటానికి జర్మన్ తర్కవేత్త ఫ్రెగే అనుబంధం చేర్చవలసి వచ్చింది. నీ యంత్రం మాత్రం పైసా చెల్లించలేదు.

చెన్నైలో ఎలక్ట్రానిక్స్ సామాన్లు అమ్మే రిచీ స్ట్రీట్‌కు వెళ్లి ఒక రిలే కొను. తీగచుట్టలో (కాయిల్) కరెంటు పారితే కాంటాక్టును కదిలించే స్విచ్చు అది. మామూలుగా మూసి ఉండే దాని సొంత కాంటాక్టు గుండానే దాని కాయిల్‌కు కరెంటు ఇవ్వు. కరెంటు పారితే కాంటాక్టు తెరుచుకుంటుంది, తెరుచుకుంటే కరెంటు పోతుంది, పోగానే మళ్లీ మూసుకుంటుంది. బర్రుమని మోగుతూనే ఉంటుంది. పాత కరెంటు గంట పనిచేసేదీ ఇలాగే. నీ కథలోని అన్న రాసిన ఉత్తరం అదే! ఇప్పుడు రెండో రిలే తెచ్చి, ఒక్కోదాని కాయిల్‌ను రెండోదాని మూసి ఉండే కాంటాక్టు గుండా కలుపు. మోత ఉండదు. ఒకటి లాగి పట్టుకుంటుంది, రెండోది వదిలేస్తుంది. పాత రేడియోల్లో ఉండే వాల్వులతో ఇలా రెండు స్థితుల్లో నిలిచే సర్క్యూట్‌ను ఎక్లెస్, జోర్డాన్ అనే బ్రిటిష్ శాస్త్రజ్ఞులు 1918లోనే చేశారు. కంప్యూటర్ జ్ఞాపకానికి మూలం అదే.

ఇలాంటి పేరాలే నా కథలోంచి ఒక వారపత్రిక సంపాదకుడు కొట్టేశాడు. పాఠకులకు అర్థం కాదట! మిగిలిన ప్రేమ వ్యవహారాన్ని అచ్చు వేశాడు. యంత్రం ఎందుకు ఆగిపోయిందని అడుగుతూ పాఠకులే ఉత్తరాలు రాశారు. జవాబు ఆయన కొట్టేసిన పేరాలో ఉంది. ఆ రోజుల్లో మద్రాసులో అద్దె కట్టాలంటే ఆ పత్రికకే రాయాలి కాబట్టి నోరు మూసుకున్నాను. ఆ మంట ఇంకా చల్లారలేదు. ఈ మధ్య వస్తున్న కథల్లో ‘క్వాంటం’ అన్న ఒక్క మాటతో రచయితలే ఆ కోత కోసుకుంటున్నారు. నువ్వు ఆ దారి పట్టకు.

అన్న ఉత్తరం పక్కన చెల్లెలి ఉత్తరం పెట్టు. ‘చెల్లెలు రాసింది అబద్ధం’ అని అతను, ‘అన్న రాసింది అబద్ధం’ అని ఆమె. అప్పుడు వైరుధ్యం నిజంగానే స్థిరపడుతుంది, కానీ ఇద్దరిలో ఒకరు అబద్ధాలకోరుగా మిగలాలి. ఎవరన్నది తర్కం చెప్పదు, యంత్రం ఎటు ఒరిగితే అటే. ఆ క్షణంలో మీట మీద చెల్లెలి చెయ్యి ఉండాలి.

కలం పేరు, పత్రికల చిరునామాలు తర్వాత చూద్దాం. ముందు ఆ పేజీ తిరగరాసి పంపు.

ఆశీస్సులతో