యాకుజా సినిమాల్లో రౌడీ వేషాలకు జపాన్ వెళ్తానంటున్నాడు

ప్రశ్న: మా అబ్బాయి బీటెక్ మూడో ఏడు, జపనీస్ ఎన్4 పాసయ్యాడు. జపాన్ యాకుజా (నేరముఠాల) సినిమాల్లో హీరో పక్కనుండే రౌడీ వేషాలు వేస్తూ అక్కడే ఉండిపోతానంటున్నాడు. పంపమంటారా?
- ఒక తండ్రి, గుంటూరు

జవాబు: పంపొచ్చండీ, బీటెక్ పట్టా చేతికొచ్చాక. నటన కుదరకపోతే అక్కడ ఇంజినీరు వీసాకు అక్కరకొచ్చేది అదే.

మీవాడికి నచ్చిన ఆ మొహాలు ఎక్కడ తయారయ్యాయో ముందు తెలుసుకోనివ్వండి. క్యోటోలోని తోయే స్టూడియోలో పేరులేని నటులంతా ఉండే చోటును 'ఓబెయా', అంటే పెద్ద గది, అనేవారు. కవతాని తకుజో 1960లో అక్కడ చేరితే, జనం గుర్తుపట్టింది 1973లో, కింజి ఫుకసాకు తీసిన హిరోషిమా ముఠాల సినిమాలతో. అదే స్టూడియోలో పదిహేనేళ్లకే చేరిన ఫుకుమోతో సెయిజో కత్తివేటు తిన్నాక నడుము వెనక్కి విల్లులా వంచి, మొహం కెమెరాకి తలకిందులుగా కనిపించేలా పడేవాడు. తెరమీద రెండు క్షణాలే, ఆ రెండింట్లోనూ మొహం కనబడాలి. ఈ వృత్తి కిటుకంతా అదే.

ఇప్పుడు స్టూడియోలు అలా నటుల్ని పెంచడం దాదాపు లేదు. నాటకమే దారి. ఒసుగి రెన్ అనే నటుడు ఏళ్ల తరబడి నాటక బృందంలో చేసి, నలభై దాటాక 1993లో దర్శకుడు తకేషి కితానో సినిమాతో నిలదొక్కుకున్నాడు. మీవాడు కనీసం పదేళ్ల లెక్క వేసుకోవాలి.

భాష దగ్గర తెలుగువాడికి ఒక లాభం ఉంది. 'ఒబసాన్' అంటే అత్త, 'ఒబాసాన్' అంటే బామ్మ. ఈ దీర్ఘం ఇంగ్లిష్‌వాళ్లను ఏడిపిస్తుంది, మనకు పుట్టుకతోనే వచ్చు. చిక్కంతా గొంతు హెచ్చుతగ్గుల్లో. టోక్యోలో 'హషి' అన్నప్పుడు గొంతు పైనుంచి దిగితే తినే పుల్లలు, కింద నుంచి ఎక్కితే వంతెన. పైగా ఈ సినిమాల్లో మాట్లాడేది పుస్తకాల జపనీస్ కాదు, హిరోషిమా, ఒసాకా యాసలు. ఎన్4 కన్నా రెండు మెట్లు పైనున్న ఎన్2 పాసైనా సగం డైలాగు అర్థం కాదు.

ఇక వీసా. ఏప్రిల్ లేదా అక్టోబరు బ్యాచ్‌కి భాషా పాఠశాలలో చేరాలంటే ఆరు నెలల ముందే దరఖాస్తు పెట్టాలి. అక్కడ ఉండగలిగేది గరిష్ఠంగా రెండేళ్లు. విద్యార్థి వీసాతో పని చేయాలంటే విడిగా అనుమతి కావాలి. అది వచ్చాక వారానికి 28 గంటలు, షూటింగులో గుంపులో నిలబడినా ఆ లెక్కలోకే. తర్వాత నిహోన్ విశ్వవిద్యాలయం కళా విభాగం లాంటిచోట నటన చదవచ్చు. బుంగకుజా లాంటి నాటక సంస్థల శిక్షణాలయాలూ ఉన్నాయి. కానీ అవి విద్యార్థి వీసా ఇప్పిస్తాయో లేదో రాతపూర్వకంగా అడగకుండా ఫీజు కట్టకండి.

ఎక్కువమంది తప్పు చేసేది ఇక్కడే: ఇంజినీరు వీసా మీద ఉంటూ, వేరే అనుమతి తీసుకోకుండా డబ్బుకి నటిస్తారు. అది నిబంధనల ఉల్లంఘన, రెన్యువల్ అప్పుడు బయటపడుతుంది. నటుడి వీసా కావాలంటే కాంట్రాక్టు ఉండాలి, మామూలుగా కాగితాలన్నీ అక్కడి ఏజెన్సీయే పెడుతుంది. ముందే రిజిస్ట్రేషన్, ఫొటోలు, లెసన్లు అంటూ డబ్బడిగే ఏజెన్సీ జోలికి వెళ్లొద్దు.

ఈ ఏడాది మాత్రం మూడు పనులు చేయనివ్వండి: దగ్గర్లో జూడో నేర్పేవాళ్ల దగ్గర ఆరు నెలలు 'ఉకెమి', అంటే దెబ్బ తగలకుండా పడటం. ఊళ్లో ఏదైనా నాటక బృందంలో మాటల్లేని వేషం. నెలకొకసారి జపనీస్‌లో ఒక నిమిషం డైలాగు రికార్డు చేసి, జపాన్ వాళ్లెవరికైనా వినిపించడం. వాళ్లు రెండోసారి వినకుండానే మాటలు రాసివ్వగలిగితే, అప్పుడు పాస్‌పోర్టు తీయించండి.