రేషన్ షాపు రద్దు చేశారు: తనిఖీ నివేదిక కాపీ మీకిచ్చారా?

ప్రశ్న: మాది గుంటూరు. 19 ఏళ్లుగా రేషన్ షాపు నడుపుతున్నాను. తనిఖీకి వచ్చినవాళ్లు, ఈ-పాస్ మెషిన్‌లో ఉన్న నిల్వ కంటే నాలుగు క్వింటాళ్ల బియ్యం తక్కువున్నాయని రాసుకుపోయారు. ముందు సస్పెండ్ చేశారు. షోకాజ్ నోటీసు వస్తే ఆఫీసుకు వెళ్లి జరిగింది చెప్పుకున్నాను. 20 రోజుల క్రితం ఆథరైజేషన్ రద్దు చేస్తూ ఆర్డీఓ ఆర్డరు అందింది. తనిఖీ నివేదిక, ముగ్గురు కార్డుదారుల వాంగ్మూలాలు ఆధారమని అందులో ఉంది. అవి నాకు చూపనేలేదు. అమ్మ మంచాన పడింది, పిల్లలు చదువుకుంటున్నారు. రాజీనామా రాసిస్తే నా భార్య పేరు మీద షాపు ఇప్పిస్తామని పెద్దమనుషులు అంటున్నారు. ఏం చేయమంటారు?

జవాబు: మీ ఇంటి పరిస్థితిని అప్పీలులో ఒక్క వాక్యానికి మించి రాయకండి. 19 ఏళ్ల సేవ కూడా అంతే. మీ కేసు తేలేది ఒక్క విషయం మీద: మీకు వ్యతిరేకంగా వాడిన కాగితాలు, నిర్ణయానికి ముందు మీ చేతికి ఇచ్చారా, లేదా? ఇవ్వకపోతే షోకాజ్ నోటీసు పంపినా పంపనట్టే. ఎవరు ఏం చెప్పారో తెలియకుండా ఏమని జవాబు చెప్పుకుంటారు?

అయితే మీ తప్పు మీరు చేశారు. షోకాజ్ నోటీసుకు నోటిమాటతో జవాబిస్తారా? ఫైలులో ఇప్పుడు ‘డీలరు సంజాయిషీ ఇవ్వలేదు’ అనే ఉంటుంది. ‘నివేదిక, వాంగ్మూలాల కాపీలు ఇప్పించండి, అవి అందాక జవాబిస్తాను’ అని ఆ రోజే రెండు వాక్యాలు రాసిచ్చి, నకలు మీద ఆఫీసు ముద్ర వేయించుకుని ఉంటే సగం కేసు అక్కడే గెలిచేవారు. ఇంకో మాట. తనిఖీ రోజు పంచనామా మీద సంతకం పెట్టారా? అందులో ‘తరుగు నిజమే’ అని ఉందా? ఈ సంగతి మీరు రాయలేదు. ఒప్పుకుని సంతకం చేసి ఉంటే, కాపీ ఇవ్వలేదన్న వాదన బలం చాలావరకు తగ్గుతుంది. మీ లాయరుకు ముందు అదే చెప్పండి.

రాజీనామా మాత్రం రాయకండి. అది రాసిన మరుక్షణం అప్పీలులో తేల్చడానికి ఏమీ మిగలదు, పైగా తప్పు ఒప్పుకుని తప్పుకున్నారంటారు. ఖాళీ అయిన షాపుకు కొత్త నోటిఫికేషన్, కొత్త దరఖాస్తులు. మీ భార్యకే ఇస్తామన్న పెద్దమనుషుల మాట ఏ ఫైలులోనూ ఉండదు.

గడువు చూడండి. కేంద్రం 2015లో ఇచ్చిన ప్రజాపంపిణీ కంట్రోల్ ఆర్డరు ప్రకారం రద్దు ఉత్తర్వు అందిన తేదీ నుంచి 30 రోజుల్లో అప్పీలు వేయాలి. మీకు మిగిలింది పది రోజులు. ఆర్డరు వచ్చిన కవరు పారేయకండి, దాని మీది పోస్టల్ ముద్రే మీకు తేదీ సాక్ష్యం. కాపీల కోసం సమాచార హక్కు దరఖాస్తు పెట్టి కూర్చోకండి, దాని జవాబుకే 30 రోజుల గడువు ఉంది. దరఖాస్తు పెట్టండి, కానీ ఉన్న కాగితాలతో అప్పీలు వేసేయండి.

ఆర్డీఓ ఆర్డరు మీద అప్పీలు మామూలుగా జాయింట్ కలెక్టర్ దగ్గర. అప్పీలుతో పాటే స్టే పిటిషన్ వేసి, అప్పీలు తేలేవరకు మీ షాపుకు శాశ్వత డీలరును నియమించకూడదని అడగండి. ఇది మరిస్తే, గెలిచేసరికి షాపులో ఇంకొకరు ఉంటారు. తూకం సంగతి కూడా రాయండి: బస్తాలు కాటా మీద పెట్టారా, లేక లెక్కపెట్టి 50 కిలోల చొప్పున గుణించారా? ఎం.ఎల్.ఎస్. పాయింట్ (మండల స్థాయి సరుకు గోదాము) నుంచి సరుకు దిగినప్పుడే తరుగుంటే ఆ నెల రసీదులు జతచేయండి. ఆర్డరులో లేని కొత్త కారణాలు అధికారులు తర్వాత చెబితే, 1977లో సుప్రీంకోర్టు ఇచ్చిన మొహిందర్ సింగ్ గిల్ తీర్పు చూపించండి: ఉత్తర్వు అందులో రాసిన కారణాల మీదే నిలవాలి గానీ, తర్వాత అఫిడవిట్‌లో చేర్చినవాటితో కాదు.

నేరుగా హైకోర్టుకు వెళ్లొచ్చా? సహజ న్యాయం (ఆధారాలు చూపి, మాట విన్నాకే నిర్ణయించడం) పాటించనప్పుడు, అప్పీలు దారి ఉన్నా హైకోర్టు రిట్ పిటిషన్ వినొచ్చని 1998లో వర్ల్‌పూల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కానీ అక్కడ ఎక్కువసార్లు వచ్చేది ‘కాపీలిచ్చి మళ్లీ విచారించండి’ అనే ఆదేశమే, షాపు తిరిగి చేతికి రావడం కాదు. మీకింకా గడువు ఉంది కాబట్టి ముందు అప్పీలే వేయండి. బియ్యం సీజ్ చేసి ఉంటే నిత్యావసర సరుకుల చట్టం సెక్షన్ 6-ఎ కింద ఆ సరుకు జప్తు కేసు వేరుగా నడుస్తుంది. ఆ నోటీసు వస్తే విడిగా, రాతపూర్వకంగా జవాబివ్వండి. ఈసారి నకలు మీద ముద్ర వేయించుకున్నాకే ఆఫీసు గడప దాటండి.