ఒకటి, మూడు, నాలుగు, రెండు సరే... ఎటు నుంచి ఎటు?

ప్రశ్న: నాలుగు సిలిండర్ల కారు ఇంజన్‌లో ఒకటో నంబరు సిలిండర్ ఏది? ఫైరింగ్ ఆర్డర్ (సిలిండర్లు పేలే వరస) 1-3-4-2 అంటారు, వరసగా 1-2-3-4 అని ఎందుకు పెట్టలేదు?

మీరు అడిగినవి రెండు. అడగాల్సింది ఇంకోటి ఉంది: డెల్కో (పాత బండ్లలో ప్లగ్గులకి వంతులవారీగా నిప్పురవ్వ పంచేది) ఎటు తిరుగుతుంది? అది ఎవరూ అడగరు. 1997 కార్తీకమాసంలో నేనూ అడగలేదు. అందుకు నడిరోడ్డు మీద మూడు గంటలు నిలబడ్డాను.

నాన్నగారికి 1984 మోడల్ అంబాసిడర్ మార్క్ 4 ఉండేది. 1489 సీసీ పెట్రోల్ ఇంజన్. అప్పటికే దానికి పదమూడేళ్లు, నాకు పందొమ్మిది. పాలిటెక్నిక్‌లో మెకానికల్ డిప్లొమా రెండో సంవత్సరం చదువుతున్నాను. అంటే ఇంజన్ గురించి ఈ లోకంలో నాకు తెలియనిది లేదని నమ్మకంగా ఉన్న రోజులు. గుంటూరు నుంచి శ్రీశైలం బయల్దేరాం. నాన్న డ్రైవింగ్, పక్కన బాబాయి, వెనక అమ్మ, నాయనమ్మ, నేను, నా ఒళ్లో పులిహోర గిన్నె. నరసరావుపేట, వినుకొండ దాటాం. రాత్రంతా వాన పడి వెలిసింది. త్రిపురాంతకం ఇంకొంచెం దూరం ఉందనగా ఒక చప్టా మీద నుంచి నీళ్లు పోతున్నాయి.

బాబాయి దిగి, డిక్కీలోంచి గోనెసంచి తెచ్చి రేడియేటర్ ముందు కడదామన్నాడు. పాత డ్రైవర్లంతా చేసే పనే అది. నీళ్లు ఎదురుగా కొట్టకుండా గోనె ఆపుతుంది, లేకపోతే ఫ్యాను వాటిని తీసి ఇంజన్ మీద చిమ్ముతుంది. నేను "అక్కర్లేదు బాబాయ్, మోకాలి లోతు కూడా లేదు" అన్నాను. నాన్న నా మాట విన్నారు. ఆయన నా మాట వినడం అదే ఆఖరు అని చెప్పను గానీ, చాలా ఏళ్లు వినలేదు.

చప్టా మధ్యలో రెండు సార్లు దగ్గి ఆగిపోయింది. నలుగురు కుర్రాళ్లు వచ్చి తోసి గట్టెక్కించారు. బానెట్ ఎత్తి చూస్తే డెల్కో క్యాపు, ప్లగ్గు తీగలు అన్నీ తడిసి ముద్దయి ఉన్నాయి. (డెల్కో అంటే డిస్ట్రిబ్యూటరే. మన షెడ్లలో ఏ కంపెనీది అయినా డెల్కోనే.) తుడిచి ఆరబెట్టుకుంటే సరిపోయేది. ఒక్కో తీగా తీసి, తుడిచి, మళ్లీ అక్కడే పెట్టి, తర్వాతది తీసుంటే ఈ సమాధానమే ఉండేది కాదు. నేను నాలుగూ ఒకేసారి పీకి, నాయనమ్మ తుండుగుడ్డ మీద పరిచాను. గుర్తు పెట్టుకోలేదు. ఒకటో నంబరు తీగ క్యాపులో ఎక్కడ ఉండేదో మాత్రం గుర్తుంది. మిగతావి ఫైరింగ్ ఆర్డర్ ప్రకారం పెట్టేస్తే సరి అనుకున్నాను. 1-3-4-2. పరీక్షలో రెండు మార్కుల ప్రశ్న, రెండుకి రెండూ తెచ్చుకున్నవాణ్ని.

పెట్టాను, గడియారం ముల్లు తిరిగే వైపు.

సెల్ఫ్ కొడితే స్టార్ట్ అయింది. అయితే అది స్టార్ట్ అవడం కాదు. వణుకు, దగ్గు. ఎయిర్ క్లీనర్ తీసి పక్కన పెట్టాం కదా, కార్బురేటర్ (గాలీ పెట్రోలూ కలిపి ఇంజన్‌లోకి పంపేది) నోట్లోంచి టప్ టప్‌మని చిన్న చిన్న మంటలు. గేర్ వేస్తే నాలుగడుగులు జరిగి చచ్చిపోతోంది. నాయనమ్మ "నిప్పు కక్కుతోందిరా, దిగండర్రా" అని అరిచి, పూజ సంచి పట్టుకుని వేపచెట్టు కిందికి వెళ్లిపోయింది. నేను పాయింట్లు గీకాను. కండెన్సర్ మీద అనుమానపడ్డాను. పెట్రోల్‌లో నీళ్లు కలిశాయన్నాను. తీగల మీద మాత్రం ఒక్క క్షణం కూడా అనుమానం రాలేదు. ఎందుకు వస్తుంది, పుస్తకంలో ఉన్నట్టే పెట్టాను కదా.

చివరికి సైకిల్ మీద వెళ్లే పిల్లాడెవరో పక్క ఊరి నుంచి ఒక మేస్త్రిని వెంటబెట్టుకొచ్చాడు. ట్రాక్టర్లు, పిండిమర ఇంజన్లు బాగుచేసే ముసలాయన. చేతిలో ప్లగ్గు పానా, స్క్రూడ్రైవరు, అంతే.

"ఏం చేశావబ్బాయ్?"

"తీగలు తుడిచి పెట్టానండీ. ఫైరింగ్ ఆర్డర్ ప్రకారమే. వన్, త్రీ, ఫోర్, టూ."

"ఆర్డరు బాగానే ఉంది. ఎటు నుంచి ఎటు?"

"క్లాక్‌వైజ్ అండీ."

"ఇది గడియారమని నీకెవరు చెప్పారు?"

డెల్కో క్యాపు విప్పి, బాబాయిని హ్యాండిల్ పెట్టి మెల్లగా తిప్పమన్నాడు. అంబాసిడర్‌కి ముందు బంపర్ దగ్గర హ్యాండిల్ దూర్చే సదుపాయం ఉండేది, ఇప్పటి పిల్లలకు తెలియదు. బాబాయి తిప్పుతుంటే లోపలి రోటర్ (ఒక్కో తీగకీ నిప్పురవ్వ అందించే ముల్లు) చక్కగా ఎడమవైపు తిరుగుతోంది. ఇంజన్ ముందునుంచి చూస్తే కుడికి తిరుగుతుంది, దానికి కలిపిన డెల్కో పైనుంచి చూస్తే ఎడమకి. ఆ ఇంజన్ అంతే. అది ఇంగ్లండ్ బీఎంసీ వాళ్ల బి-సిరీస్ ఇంజన్, పుట్టుకతోనే అలా. ఈ సంగతి చెట్టు కింద నుంచి విన్న నాయనమ్మ "గుడికెళ్లే బండి అప్రదక్షిణం తిరగడమేంటి, అందుకే ఆగింది" అంది. ఆ రోజు అందరికంటే దగ్గరగా వచ్చిన రోగనిర్ధారణ ఆవిడదే.

ఇప్పుడు నేను చేసిన తప్పు చూడండి. 1-3-4-2ని ఎడమకి పెట్టాల్సింది కుడికి పెడితే ఇంజన్‌కి అది 1-2-4-3 అవుతుంది. ఒకటి, నాలుగు సరిగ్గా కుదిరాయి. రెండు, మూడు తారుమారయ్యాయి. మూడోది పేలాల్సిన సమయానికి రెండోదానికి నిప్పురవ్వ వెళ్తోంది. ఆ సమయంలో రెండోది పొగ వదిలేసి కొత్త గాలి పీల్చబోతూ ఉంటుంది, ఇన్‌లెట్ వాల్వు తెరుచుకోవడం మొదలవుతుంది. ఆ దారిన మంట వెనక్కి, కార్బురేటర్‌లోకి. అందుకే ఆ టప్ టప్. రెండు సిలిండర్ల మీద బండి నడుస్తోంది, మిగతా రెండూ దాన్ని తిడుతున్నాయి.

మేస్త్రి నా ఒకటో నంబరు గుర్తునీ నమ్మలేదు. రేడియేటర్ పక్కనున్న మొదటి ప్లగ్గు విప్పి, ఆ బెజ్జం మీద నా బొటనవేలు పెట్టించి, మళ్లీ హ్యాండిల్ తిప్పమన్నాడు. పిస్టన్ ప్రతి చుట్టుకీ ఒకసారి పైకి వస్తుంది. కానీ రెండు చుట్లకి ఒకసారే పేలాలి. ఊరికే పొగ నెట్టడానికి పైకి వచ్చినప్పుడు వేలికి ఏమీ తెలియదు. కంప్రెషన్ మీద వచ్చినప్పుడు 'ఫుస్స్' మని వేలిని తోసేస్తుంది. "ఇప్పుడు రోటర్ ఎటు చూస్తందో అదే నీ ఒకటి. అక్కణ్ణించి రోటర్ తిరిగే వైపే లెక్కపెట్టుకుంటా పో." నాలుగు తీగలు, రెండు నిమిషాలు. ఒక్క సెల్ఫ్‌కి అందుకుంది.

పనిలో పనిగా టాపెట్ల లెక్క, అంటే వాల్వుల సందు సరిచేసే లెక్క కూడా చెప్పాడు. జతలు కలిపితే ఐదు రావాలి. నాలుగో సిలిండర్ వాల్వులు రెండూ ఒకటి మూసుకుంటూ ఒకటి తెరుచుకుంటూ ఊగుతుంటే, ఒకటోది కంప్రెషన్ మీద ఉన్నట్టు, దాని టాపెట్లు పెట్టుకో. మూడోవి ఊగుతుంటే రెండోవి. మా పాలిటెక్నిక్‌లో మూడేళ్లలో ఎవరూ చెప్పని ముక్క అది. బోర్డు మీద ఫైరింగ్ ఆర్డర్ రాయించారు, బట్టీ పట్టించారు, వైవాలో అడిగారు. ల్యాబులో ఒక ఇంజన్‌ని నిలువుగా కోసి, రంగులేసి పెట్టారు. దాన్ని ముట్టుకోనిస్తే కదా.

సరే, మీ రెండో ప్రశ్న. వరసగా 1-2-3-4 ఎందుకు కాదు? దీనికి అందరూ చెప్పే జవాబు "పక్కపక్క సిలిండర్లు వెంటవెంటనే పేలకూడదు, వేడెక్కుతాయి, షాఫ్ట్ మీద బరువు పడుతుంది" అని. రాసిన వాళ్లు ఒక్కసారి 1-3-4-2 వైపు చూశారా? 3 తర్వాత 4. పక్కపక్కవి కాదూ? 2 అయ్యాక మళ్లీ 1. అవీ పక్కపక్కవే. నాలుగు సిలిండర్లలో ఆ వాదన నిలబడదు.

అసలు సంగతి క్రాంక్ షాఫ్ట్, అంటే పిస్టన్లన్నీ కలిసి తిప్పే ఇరుసు ఆకారంలో ఉంది. చివర రెండూ, అంటే 1, 4 కలిసి పైకి వస్తాయి. అప్పుడు మధ్య రెండూ, 2, 3 కిందుంటాయి. పల్లకీ మోసే బోయీలు నలుగురు ఒకే వరసలో ఉన్నారనుకోండి. చివరి ఇద్దరూ కలిసి లేచి, మధ్య ఇద్దరూ కలిసి వంగితే పల్లకీ ముందుకో వెనక్కో ఒరగదు. అలా కాక ఒకటి, మూడు లేచి, రెండు, నాలుగు వంగితే లోపలున్న పెళ్లికూతురు ఉయ్యాల ఊగుతుంది. 1-2-3-4 వరసలో సమానమైన ఎడంతో పేలాలంటే సరిగ్గా ఆ రెండో రకం షాఫ్టే కావాలి. ఇంజన్ ముందూ వెనకా ఊగిపోతుంది. అందుకే చేయరు.

మొదటి రకం షాఫ్ట్ ఎంచుకున్నాక మీ చేతిలో మిగిలేది చాలా తక్కువ. రెండు చుట్లు, అంటే 720 డిగ్రీల్లో నలుగురూ పేలాలి కాబట్టి 180కి ఒకటి. ఒకటి పేలిన అర చుట్టుకి పైనున్నవి 2, 3 మాత్రమే. వాటిలో ఒకటి ఎంచుకోండి. తర్వాత అర చుట్టుకి 4 తప్ప దిక్కులేదు, ఒకటోది పొగ నెడుతూ ఉంటుంది. ఆ తర్వాత మిగిలింది. కాబట్టి ఉన్నవి రెండే వరసలు: 1-3-4-2, లేదా 1-2-4-3. ఈ రెండోది తప్పేమీ కాదు, 1908లో వచ్చిన ఫోర్డ్ మోడల్ టి వరస అదే. వాల్వులు తెరిచే కామ్ షాఫ్ట్ ఎలా చెక్కితే అలా. ఇప్పటి కార్లలో మాత్రం ఎక్కువగా కనిపించేది 1-3-4-2. ఇదంతా నిలువు వరస ఇంజన్ల మాట. పాత ఫోక్స్‌వ్యాగన్ బీటిల్‌లా సిలిండర్లు అటు రెండు ఇటు రెండు పడుకునే రకానికి వేరే లెక్క, దానిది 1-4-3-2. మారుతి 800 పట్టుకొచ్చి నాలుగోది ఏదని అడిగేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు, దానికి ఉన్నవే మూడు.

ఒకటో నంబరు ఏది అంటే, మామూలుగా ఫ్లైవీల్‌కి (గేర్‌బాక్స్ వైపుండే బరువైన చక్రం) ఎదురు చివర, అంటే పుల్లీ, టైమింగ్ బెల్టు లేదా చైను ఉన్న వైపుది. అంబాసిడర్‌లో ఇంజన్ పొడవునా ఉండేది కాబట్టి రేడియేటర్ పక్కది ఒకటి. ఇప్పటి కార్లలో ఎక్కువగా ఇంజన్ అడ్డంగా ఉంటుంది, రేడియేటర్‌కి నాలుగూ సమానమే. కుడా ఎడమా అని బట్టీ పట్టకండి, పుల్లీ ఎటుందో చూడండి. చూడాలంటే ముందు పైనున్న ప్లాస్టిక్ మూత తీయాలి. ఇంజన్‌ని సిగ్గుపడాల్సిన వస్తువులా ఎందుకు కప్పుతారో నాకు ఇప్పటికీ అర్థం కాదు.

దీనికి ఒక మెలిక ఉంది. ఫ్రెంచివాళ్లు, ముఖ్యంగా రెనో, ఫ్లైవీల్ వైపు నుంచి లెక్కపెడతారు. మన పుల్లీ వైపుది వాళ్లకి నాలుగు. తమాషా ఏంటంటే కాగితం మీద ఈ తేడా కనపడదు. 1-3-4-2ని అటు చివర నుంచి లెక్కపెట్టి చూడండి. 1 స్థానంలో 4, 3 స్థానంలో 2, 4 స్థానంలో 1, 2 స్థానంలో 3 వేస్తే 4-2-1-3. ఒకటి నుంచి చదివితే మళ్లీ 1-3-4-2! ఏ కొస నుంచి చదివినా అదే వరస. స్కానర్ (బండి కంప్యూటర్‌లోని తప్పుల కోడ్ చదివేది) పెట్టేదాకా ఎవరికీ గొడవ తెలియదు.

మా మేనల్లుడికి తెలిసొచ్చింది. ఫ్రెంచి పద్ధతి ఇంజనున్న పెట్రోల్ బండి వాడిది, మిస్సింగ్ కొడుతోంది. షెడ్డులో స్కానర్ పెడితే పీ 0301 అని వచ్చింది, ఒకటో సిలిండర్ పేలడం లేదని. వాళ్లు బెల్టు వైపు కాయిల్ (ప్లగ్గుకి నిప్పురవ్వ ఇచ్చేది) మార్చారు. తగ్గలేదు. ప్లగ్గు మార్చారు. తగ్గలేదు. వారం తర్వాత "కంప్యూటర్ బాక్స్ పోయింది సార్" అన్నారు. అప్పుడు నాకు ఫోన్ చేశాడు. వెళ్లి గేర్‌బాక్స్ వైపు చివరి కాయిల్ తీసి దాని పక్కదాంట్లో, పక్కది దీంట్లో పెట్టి ఒక రౌండ్ కొట్టించాను. ఈసారి పీ 0302 వచ్చింది. అంటే కాయిల్‌తో పాటే రోగమూ నడిచొచ్చింది. పోయింది ఆ కాయిలే, వాళ్లు ముట్టుకోనిది. "బాక్స్ మార్చమంటావా మావయ్యా?" అని అడిగాడు. వాడూ ఇంజనీరే, సాఫ్ట్‌వేర్ అనుకోండి.

చప్టా దగ్గర మేస్త్రి వెళ్లేముందు ఇంకో పని చేశాడు. నాయనమ్మ పూజ సంచిలోంచి పసుపు దారం అడిగి, నాలుగు ముక్కలు చేసి, ప్లగ్గు తీగలకి డెల్కో దగ్గర కట్టాడు. ఒకటోదానికి ఒక ముడి, రెండోదానికి రెండు, అలా. తీగలు మార్చిన ప్రతిసారీ నాన్న ఆ దారాలు విప్పి కొత్తవాటికి కట్టేవారు. 2009లో బండి అమ్మేటప్పుడు కొనడానికి వచ్చినాయన బానెట్ ఎత్తి, మసిబారిన ఆ దారాలు చూసి, కాసేపు ఆగి అడిగాడు: "ఏ గుళ్లో కట్టించారండీ?"

నాన్న నా వైపు చూసి "త్రిపురాంతకం దగ్గర" అన్నారు.