నీలగిరి ఇంజన్ కూత పగిలిపోతోందా? ఆటో గెయిన్ చూడండి

నీలగిరి కొండ రైల్లో ముందు పెట్టెలో కూర్చుని తీసిన వీడియోలో ఆవిరి ఇంజన్ కూత పగిలిపోతోంది, మైకు పాడైందా అని అడిగారు. కూత పగలడం (చిట్లినట్టు బరబరలాడడం), ఇంజన్ ఆగగానే గాలి హోరు పైకి లేవడం... రెండూ కలిసి వస్తున్నాయంటే కెమెరాలో ఆటో గెయిన్ (శబ్దం స్థాయిని కెమెరానే పెంచి తగ్గించే సెట్టింగ్) ఆన్‌లో ఉన్నట్టే. మైకు పాడవలేదు.

1. ఆటో గెయిన్ ఆపేసి మాన్యువల్‌లో పెట్టండి. మైకుకు బొచ్చు తొడుగు తప్పనిసరి.

2. అందరూ తప్పేది ఇక్కడే. లెవెల్‌ను ఛుక్‌ఛుక్‌కు కాదు, కూతకు సెట్ చేయాలి. మేట్టుపాళయంలో బండి కదిలే ముందు వేసే కూతకు సౌండ్ మీటర్ -6 dB దాటకూడదు. అప్పుడు ఛుక్‌ఛుక్ బాగా కిందికి పోయి, ఏమీ రికార్డు కానట్టు అనిపిస్తుంది. కంగారుపడి పెంచకండి. తక్కువగా ఉన్నదాన్ని ఎడిటింగ్‌లో పెంచుకోవచ్చు, పగిలినదాన్ని ఎంత తగ్గించినా అతకదు. 32-బిట్ ఫ్లోట్ రికార్డర్ (మరీ పెద్ద, మరీ చిన్న శబ్దాలను కూడా పాడవకుండా పట్టేది) ఉంటే ఈ టెన్షన్ చాలావరకు ఉండదు.

3. ముందు పెట్టెలో కూర్చున్నానన్నారు. రైలు కొండ ఎక్కేటప్పుడు అక్కడ ఇంజన్ ఉండదు, వెనక నుంచి నెడుతుంది. చివరి పెట్టెలో కూర్చోండి. కల్లార్ స్టేషన్ దాటి పళ్ళ పట్టా (ఇంజన్ పళ్ళ చక్రాలు పట్టుకుని ఎక్కడానికి పట్టాల మధ్య వేసిన పళ్ళ కమ్మీ) మీదికి ఎక్కాక ఆ తేడా మీకే వినిపిస్తుంది. అక్కడ నాలుగు సిలిండర్లూ పనిచేస్తాయి, రెండేమో మామూలు చక్రాలను తిప్పడానికి, మిగతా రెండు పళ్ళ చక్రాలను తిప్పడానికి.

4. హిల్‌గ్రోవ్ స్టేషన్‌లో ఇంజన్‌కు నీళ్ళు పట్టేటప్పుడు దిగి, రెండు నిమిషాలు శబ్దం ఒక్కటే రికార్డు చేయండి. ఆవిరి బుస, నీళ్ళ చప్పుడు కట్‌ల మధ్య అతుకులకు పనికొస్తాయి.

ఇప్పటికే పగిలిన కూతల స్థానంలో అదే రకం ఇంజన్ కూత వేయండి. కూనూరు తర్వాత రైలును లాగే డీజిల్ ఇంజన్ హారన్ మాత్రం వద్దు, రైలు పిచ్చోళ్ళు ఇట్టే పట్టేస్తారు.