పశువు మాయలో, ఆముదం గింజలో ఒకే పేర్లు ఎందుకు? కాటిలిడన్, కారంకుల్ గురించి ఒక రైతుకు సమాధానం

ప్రశ్న: మాది నాగర్‌కర్నూల్ జిల్లా. ఈమధ్య మా గేదె ఈనింది. మరునాటికి కూడా మాయ పడలేదు. పశువైద్యుడు వచ్చి చూసి, ‘కాటిలిడన్లు కారంకుల్స్ నుంచి ఇంకా విడలేదు, చేత్తో లాగవద్దు’ అని చీటీలో రాసి, సూది మందులు ఇచ్చి వెళ్లారు. మూడో రోజున మాయ దానంతటదే పడిపోయింది. లాగి తీసేయాల్సిందని మా పక్క రైతు అంటున్నారు. నేను ఆముదం విత్తనోత్పత్తి కూడా చేస్తున్నాను. అక్కడ శిక్షణలో ఇచ్చిన పుస్తకంలో గింజ గురించి రాసిన చోట మళ్లీ కాటిలిడన్, కారంకుల్ అనే మాటలే కనిపించాయి. గేదె గర్భసంచిలో ఉండేవి గింజలో ఎలా ఉంటాయి? డాక్టరు చెప్పింది సరైనదేనా? బుడిపె ఊడిపోయిన ఆముదం గింజలను విత్తుకోవచ్చా?

జవాబు: డాక్టరు గారు సరైన సలహా ఇచ్చారు, మీరు దాన్ని పాటించి మంచి పని చేశారు. పక్క రైతు మాట వినకపోవడం మీ గేదెకు మేలే చేసింది. అది ఎందుకో తెలియాలంటే ముందు ఆ రెండు మాటల అర్థం తెలియాలి. అర్థం తెలిస్తే మాయను ఎందుకు లాగకూడదో మీకే తెలిసిపోతుంది.

కాటిలిడన్ అనే మాట గ్రీకు భాష నుంచి వచ్చింది. గిన్నెలా లోతుగా ఉన్న గుంట అని దాని అర్థం. దీన్ని మొదట వాడింది మొక్కలకు కాదు, పశువులకే. రెండు వేల మూడు వందల ఏళ్ల కిందటి గ్రీకు పండితుడు అరిస్టాటిల్, కొమ్ములుండి పై దవడలో ముందు పళ్లు లేని జంతువుల గర్భసంచిలో ఇవి ఉంటాయని గమనించాడు. ఆవు, గేదె, గొర్రె, మేక అన్నీ ఆ లెక్కలోకే వస్తాయి. నెమరువేసే మన పశువుల నోరు తెరిచి చూడండి, పై దవడలో ముందు భాగాన పళ్లు ఉండవు. గింజలోని భాగానికి ఆ పేరు చాలా ఆలస్యంగా, 17వ శతాబ్దంలో వచ్చింది. తల్లి గర్భంలో పిల్లకు ఆహారం అందించే భాగానికి ఉన్న పేరునే గింజలో మొలకకు ఆహారం అందించే భాగానికీ వాడుకున్నారు. 1682లో జాన్ రే అనే ఇంగ్లండు శాస్త్రవేత్త, ఆ భాగం ఒకటే ఉండే మొక్కలు, రెండు ఉండే మొక్కలు అని విడదీసి చూపాడు. మన పాఠ్యపుస్తకాల్లోని ఏకదళబీజాలు, ద్విదళబీజాలు అవే.

ఇక మీ గేదె సంగతికి వస్తాను. గుర్రంలో, పందిలో మాయ గర్భసంచి గోడకు దాదాపు అంతటా పరుచుకుని అంటుకుంటుంది. ఆవు, గేదెల్లో అలా కాదు. గర్భసంచి లోపలి గోడ మీద అక్కడక్కడా చిన్న కండ బుడిపెలు ఉంటాయి. వాటిని కారంకుల్స్ అంటారు. ఇవి తల్లివి. చూడి కట్టినా కట్టకపోయినా ఉంటాయి, చూడి పెరిగే కొద్దీ ఇవీ పెరుగుతాయి. దూడ వైపు నుంచి వచ్చే మాయ పొర మీద, సరిగ్గా వీటికి ఎదురుగా, ఎర్రటి గుండ్రటి మచ్చల్లాంటి భాగాలు తయారవుతాయి. అవి కాటిలిడన్లు. ఆవులో ఇలాంటి జతలు సుమారు 70 నుంచి 120 వరకు ఉంటాయి. రవికె టిచ్ బటన్లలో ఒక ముక్క ఇటు, ఒక ముక్క అటు ఉండి ఒకదానిలో ఒకటి ఇమిడినట్టే ఇవీ ఇముడుతాయి. అయితే ఈ పట్టు ఇంకా లోతైనది. కాటిలిడన్ మీద వెంట్రుకల్లాంటి సన్నని మొలకలు వందలకొద్దీ ఉంటాయి, కారంకుల్‌లో వాటికి సరిపోయే గుంటలు ఉంటాయి. ఒక్కో మొలక ఒక్కో గుంటలోకి దిగి ఉంటుంది. తల్లి రక్తం, దూడ రక్తం ఎక్కడా కలవవు. ఈ పలుచని గోడల గుండానే ఆక్సిజన్, చక్కెర, ఇతర పోషకాలు దూడకు చేరతాయి.

ఈ గోడల వల్ల మన పశువుల్లో ఒక ముఖ్యమైన తేడా ఉంది. తల్లి రక్తంలోని రోగనిరోధక పదార్థాలు ఈ గోడలు దాటి దూడకు చేరవు. మనుషుల్లో బిడ్డ కడుపులో ఉండగానే వాటిలో కొన్ని చేరతాయి. దూడ మాత్రం ఆ రక్షణ లేకుండానే పుడుతుంది. అది జున్నుపాల ద్వారానే అందాలి. పుట్టిన తర్వాత సుమారు ఒక రోజులో దూడ పేగులు ఆ పదార్థాలను నేరుగా పీల్చుకునే శక్తిని కోల్పోతాయి. అందుకే మొదటి రెండు గంటల్లోనే జున్నుపాలు తాగించాలని, మొదటి రోజు మొత్తం మీద దూడ బరువులో పదో వంతు తాగేలా చూడాలని చెబుతాం. కొన్ని ఊళ్లలో మాయ పడేదాకా దూడను పొదుగు దగ్గరికి రానివ్వరు. ఆ అలవాటు దూడకు ప్రాణాంతకం కావచ్చు, తల్లికీ మేలు చేయదు. దూడ చనుకట్టు పట్టి తాగినప్పుడు తల్లి శరీరంలో విడుదలయ్యే ఆక్సిటోసిన్ పాలు చేపు రావడానికే కాదు, గర్భసంచి ముడుచుకోవడానికీ పనిచేస్తుంది. మాయ పడాలంటే దూడను తాగనివ్వడమే మంచిది. ఈ మాట మీ ఊళ్లో పశువులున్న ప్రతి ఇంట్లో చెప్పండి.

మరి బిగుసుకున్న ఆ జతలు ఎలా విడతాయి? ఈనడానికి కొన్ని రోజుల ముందు నుంచే ఆ మొలకలకూ గుంటలకూ మధ్య ఉన్న జిగురు పదార్థం కరగడం మొదలవుతుంది. తల్లి శరీరంలోని తెల్ల రక్తకణాలు మాయను పరాయి వస్తువుగా గుర్తించి, విడగొట్టే పనిలోకి దిగుతాయి. దూడ బయటికి వచ్చి బొడ్డు తెగగానే మొలకల్లోని రక్తం తగ్గి అవి ముడుచుకుపోతాయి. గర్భసంచి నొప్పులతో కదిలి వాటిని గుంటల్లోంచి బయటికి జారుస్తుంది. ఈ పనంతా మామూలుగా 12 గంటల లోపే పూర్తవుతుంది. అది దాటితే మాయ నిలిచిపోయినట్టు లెక్క. నెలలు నిండకముందే ఈనడం, కవలలు, కష్టంగా ఈనడం, పాల జ్వరం, విటమిన్ ఇ, సెలీనియం లోపాలు, ఈసుకుపోవు రోగం (బ్రూసెల్లోసిస్, చూడి మధ్యలోనే పడిపోయేలా చేసే అంటురోగం) ఇందుకు ముఖ్య కారణాలు.

విడిపోవడానికి సిద్ధం కాని జతను చేత్తో బలవంతంగా పీకితే ఏం జరుగుతుందో మీరే ఊహించండి. కాటిలిడన్ మాత్రమే ఊడి రాదు. చాలాసార్లు మొలకలు తెగి కొంత భాగం లోపలే ఉండిపోతుంది. లేదంటే తల్లికి చెందిన కారంకుల్ చిరిగి రక్తం కారుతుంది. ఆ గాయాల్లోంచి క్రిములు లోపలికి చేరి గర్భసంచి చీము పడుతుంది. ఊడిన చోట మళ్లీ కొత్త కారంకుల్ పుట్టదు. ఈ గాయాలు, చీము వల్ల ఆ గేదె ఎదకు ఆలస్యంగా రావచ్చు, కట్టించినా చూడి నిలవకపోవచ్చు. వేలాడే మాయకు ఇటుకో, రాయో, పాత చెప్పో కట్టి బరువు వేయడమూ లాగడం కిందికే వస్తుంది. దయచేసి అది చేయకండి. కాళ్లకు తగిలి తొక్కుకునేంత పొడవుగా వేలాడుతుంటే ఏం చేయాలో డాక్టరునే అడగండి.

గేదె మేత తింటూ, నెమరు వేస్తూ, జ్వరం లేకుండా ఉంటే ఆగడం మంచిదని చెప్పడానికి ఇవే కారణాలు. రోజుకు రెండుసార్లు జ్వరం చూడండి. 103 డిగ్రీల ఫారన్‌హీట్ దాటినా, మేత మానేసినా, దుర్వాసనతో ఎరుపు లేదా గోధుమ రంగు ద్రవం కారినా అదే రోజు డాక్టరును పిలవాలి. మీ గేదెకు ఇచ్చిన సూదులు అలాంటి పరిస్థితి రాకుండా చూసేందుకే అయి ఉంటాయి. వాటి కోర్సు మధ్యలో ఆపకండి. మందు వాడిన రోజుల్లో, ఆ తర్వాత ఆయన చెప్పినన్ని రోజులు పాలు అమ్మవద్దు. ఈనిన 40 రోజుల తర్వాత ఒకసారి గర్భసంచి పరీక్ష చేయించి, శుభ్రంగా ఉందని తేలాకే ఎదకు వస్తే కట్టించండి.

మీరు రాయని ఒక విషయం నన్ను కలవరపెడుతోంది. పడిన మాయను ఎవరు తీశారు, ఎక్కడ వేశారు? పాలు పెరుగుతాయని గడ్డిలో చుట్టి మర్రిచెట్టుకు వేలాడదీయడం మన దగ్గర ఉంది. ఆ నమ్మకం వెనక ఉన్న ఆశ నాకు అర్థమవుతుంది. కానీ ఈసుకుపోవు రోగపు క్రిములు ఎక్కువగా చేరేది ఈ కాటిలిడన్లలోనే, గేదె నుంచి మనుషులకు సోకేదీ ఎక్కువగా ఈ మాయ, గర్భద్రవాల ద్వారానే. మనుషుల్లో అది వదలని జ్వరంగా, కీళ్ల నొప్పులుగా కనిపిస్తుంది. మాయను ఒట్టి చేతులతో ముట్టుకోవద్దు. తొడుగులు లేకపోతే చేతులకు ప్లాస్టిక్ సంచి కట్టుకుని అయినా సరే తీయండి. లోతుగా గొయ్యి తీసి, సున్నం చల్లి పూడ్చండి. కుక్కలకు దొరకనివ్వకండి. పూడ్చే ముందు ఒక పని చేస్తే మీకు మేలు: మాయను విప్పి పరిచి గుండ్రటి మచ్చలను చూడండి. ముదురు ఎరుపులో, పైన నూగుగా, దాదాపు ఒకే తీరుగా ఉంటే మంచిది. పసుపు రంగు పూత, తోలులా గట్టిపడిన మచ్చలు కనిపిస్తే డాక్టరుకు చెప్పి బ్రూసెల్లా రక్త పరీక్ష చేయించండి. మీ కొట్టంలో చూడి పశువులు ఐదో నెల తర్వాత ఈసుకుపోయిన సందర్భాలు ఉంటే ఈ పరీక్ష తప్పనిసరి. ఇంట్లో ఆడ దూడలుంటే 4 నుంచి 8 నెలల వయసులో టీకా వేయించండి. 2019 సెప్టెంబరులో మొదలైన జాతీయ పశువ్యాధుల నియంత్రణ కార్యక్రమం కింద దాన్ని ఉచితంగా వేస్తున్నారు. జీవితంలో ఒక్కసారి వేస్తే చాలు.

ఇక గింజ సంగతి. కందిపప్పు బద్ద చేతిలోకి తీసుకోండి, అది ఒక కాటిలిడన్. తెలుగులో బీజదళం. వేరుశనగ పప్పును నిలువుగా రెండుగా విప్పితే రెండు బీజదళాలు వస్తాయి. వాటి మొన దగ్గర, ఒక బద్దకు అంటుకుని, చిన్న ముక్కులాంటిది కనిపిస్తుంది. అదే అసలు మొక్క. పొట్టు తీసి బద్దలుగా విడిపోయిన పప్పు మొలకెత్తకపోవడానికి కారణం ఈ అతుకు తెగిపోవడమే. వేరుశనగ కాయలను విత్తే ముందే ఒలవాలని చెప్పేదీ అందుకే. వేరుశనగలో, కందిలో బీజదళమే ఆహారపు గాదె.

ఆముదంలో అలా కాదు. నూనె ఉండేది బీజదళంలో కాదు, దాని చుట్టూ ఉన్న తెల్లటి అంకురచ్ఛదంలో, అంటే మొలక కోసం ఆహారం దాచి ఉంచే భాగంలో. పెంకు తీసి ఆ తెల్లటి భాగాన్ని వెడల్పుగా విప్పి చూడండి. మధ్యలో కాగితంలా పలుచని, ఈనెలున్న రెండు ఆకులు కనిపిస్తాయి. అవే బీజదళాలు. మొలకెత్తేటప్పుడు అవి చుట్టూ ఉన్న ఆ ఆహారాన్ని పీల్చి మొలకకు అందిస్తాయి. పశువు మాయలోని కాటిలిడన్ చేసే పని కూడా ఇదే. పేరు తెచ్చి పెట్టినవారి మనసులో ఉన్న పోలిక ఆముదంలో, మొక్కజొన్నలో కనిపించినంత స్పష్టంగా మరెక్కడా కనిపించదని నా అభిప్రాయం. మొక్కజొన్నలో ఉన్న ఒకే బీజదళం గింజలోనే ఉండిపోయి పిండిని పీల్చి పంపిస్తుంది. ఆముదంలో ఆ రెండు ఆకులు నేల చీల్చుకుని పైకొచ్చి, పచ్చబడి, కొన్నాళ్లు తామే ఆహారం తయారు చేస్తాయి. ఆ తర్వాత పసుపుబారి రాలిపోతాయి. అసలు ఆకులు వచ్చాక అడుగున ఉన్న ఈ రెండూ రాలితే రోగం అనుకుని మందు కొట్టవద్దు. మొలక తల మీద తెల్లటి పదార్థమో, పెంకో ఇంకా అంటుకుని ఉంటే దాన్నీ పీకవద్దు, మొలక ఇంకా దాన్నుంచే తింటూ ఉండవచ్చు.

కారంకుల్ అనే మాటకు లాటిన్‌లో చిన్న కండ ముద్ద అని అర్థం. అందుకే పశువు గర్భసంచిలో కండ బుడిపెకు, మన కంటి లోపలి మూలలో ఉండే ఎర్రటి ముద్దకు, ఆముదం గింజ కొసన ఉండే తెల్లటి మెత్తని బుడిపెకు ఒకే పేరు పెట్టారు. రూపంలోనే పోలిక, పనిలో కాదు. గర్భసంచిలోని కారంకుల్ పిల్లను పోషించే చోటు. ఆముదంలోనిది గింజ పైపెంకు నుంచి పెరిగిన స్పంజిలాంటి ముద్ద, తేమను పీల్చుకుంటుంది. చీమలకు అది ఇష్టమైన తిండి, ఆముదం గింజలను అవి మోసుకుపోవడానికి అదే కారణం.

కాబట్టి మీ ఆఖరి ప్రశ్నకు జవాబు: కేవలం బుడిపె ఊడినంత మాత్రాన ఆ గింజను పారేయాల్సిన పని లేదు, మొలక దాని లోపల ఉండదు. అయితే బుడిపె ఊడిన చోటే నీరు లోపలికి దిగే చిన్న రంధ్రం ఉంటుంది. అక్కడ పెంకు చిట్లి లోపలి తెలుపు కనిపిస్తే ఆ గింజను ఏరి పక్కన పెట్టండి. మిగిలిన వాటిలోంచి ఏరకుండా 100 గింజలు తీసి, తడి గోనెసంచిలో చుట్టి, తడి ఆరకుండా చూస్తూ రెండు వారాలు ఉంచండి. ధ్రువీకరణ విత్తనంగా పోవాలంటే కనీసం 70 మొలకెత్తాలి. ఏరి పక్కన పెట్టిన గింజలను, ఆముదం పిండిని గేదెకు మాత్రం ఎట్టి పరిస్థితుల్లోనూ పెట్టకండి. ఆముదం గింజలోని రిసిన్ విషం నూనెతో పాటు పోదు, పిండిలోనే మిగిలి ఉంటుంది.